మాయామణికి ఒక కొండ కావాలి

వినాయక చవితినాడు చేతిలో అక్షింతలు పట్టుకుని కూర్చున్న తెలుగు పిల్లలకు మొట్టమొదట పరిచయమయ్యే మాయామణి శ్యమంతకం. రోజుకు 8 బారువుల బంగారం ఇస్తుందని కథ మొదట్లోనే చెబుతారు. చిత్రమేమిటంటే కథ అయిపోయేదాకా ఆ బంగారంతో ఎవరూ ఏమీ కొనరు, ఏమీ కట్టరు. ప్రసేనుడు మణిని మెళ్లో వేసుకుని వేటకు పోతాడు. అతన్ని సింహం చంపుతుంది. సింహాన్ని జాంబవంతుడు చంపి, మణిని తన బిడ్డ ఊయలకు కడతాడు. ఊళ్లో మాత్రం మణి మీద ఆశతో కృష్ణుడే ప్రసేనుణ్ణి చంపాడన్న మాట పుట్టి పాకిపోతుంది. ఆ నింద కడుక్కోవడానికి ఆయన అడవిలో అడుగుజాడలు వెతుక్కుంటూ వెళ్లి, గుహలో 28 రోజులు పోరాడవలసి వచ్చింది. మణి బంగారం ఇస్తుందన్నది పైమాట. కథ నడిచిందంతా అది పుట్టించిన అనుమానం మీద.

నాగమణి కథలూ ఇంతే. పాము రాత్రిపూట మణిని నేలమీద పెట్టి, ఆ వెలుతురులో మేత వెతుక్కుంటుంది. దాన్ని కాజేయాలనుకున్నవాడు చెట్టెక్కి కూర్చుని పైనుంచి పేడముద్ద వేస్తాడు. వెలుగు ఆరిపోతుంది, మణి కనిపించక పాము తల బాదుకుని చస్తుంది. అంత గొప్ప మణి పేడముద్దకు లొంగిపోతుంది. ఆ బలహీనతే వినేవాళ్లను నమ్మిస్తుంది. పాత కథలు చెప్పినవాళ్లకు ఈ కిటుకు బాగా తెలుసు: మణికి ఏం చేతనవునో ఒక్క ముక్కలో చెప్పి, ఏం చేతకాదో కథంతా చూపించేవారు.

ఇప్పుడు తెలుగులో ఫాంటసీ రాస్తున్నవాళ్ల కథల్లో మణి చాలాసార్లు బ్యాటరీలా తయారైంది. ఎర్రదానికి అగ్ని, నీలిదానికి నీరు, పచ్చదానికి ప్రాణం. ఎక్కడో చివరి గుహలో వేదిక మీద పెట్టి ఉంటుంది. దాన్ని ఎవరు తవ్వారో, ఎందుకు అది ఒక్కటే ఉందో, పక్క ఊరివాళ్లు దాన్ని ఏమని పిలుస్తారో ఎవరూ చెప్పరు. రాయి అన్నాక ఒక కొండలో పుట్టాలి. ఆ కొండకింద మనుషులుండాలి. అవి లేని మణి ఎంత మెరిసినా బజారులో కొన్న గాజుపూసలాగే ఉంటుంది. ఈ లోటు ఒడిశా సరిహద్దులో ఉన్న తెలుగువాళ్లకు ఉండనక్కరలేదు. బరంపురం, పర్లాకిమిడి, గుణుపూర్, రాయగడ, జయపురం, కోరాపుట్ ఊళ్లలో పుట్టి పెరిగినవాళ్ల కాళ్లకిందే మాయకు సరిపడినంత భూగర్భశాస్త్రం ఉంది. 

ఆ కొండల్లో పుట్టే రాళ్లలో ఒకటి అలెగ్జాండ్రైట్. 1830ల్లో రష్యాలోని ఉరల్ పర్వతాల్లో, మరకతాల గనుల దగ్గర ఇది మొదట బయటపడింది. అప్పటి యువరాజు, తర్వాత జారు చక్రవర్తి అయిన రెండో అలెగ్జాండర్ పేరు దీనికి పెట్టారు. తర్వాత శ్రీలంకలో, బ్రెజిల్‌లో, తూర్పు ఆఫ్రికాలో దొరికింది. మన తూర్పు కనుమల్లో, ఆంధ్ర వైపూ ఒడిశా వైపూ కూడా దొరుకుతుంది. ఉత్తరాంధ్ర మన్యంలో వీటన్నిటినీ కలిపి రంగురాళ్లు అంటారు. పగటి వెలుతురులో ఇది పచ్చగానో నీలిపచ్చగానో ఉంటుంది. అదే రాయిని రాత్రి నూనెదీపం పక్కకు తెస్తే కెంపులాగానో, నేరేడుపండు రంగులోనో కనిపిస్తుంది. రాతిలో ఏ మార్పూ రాదు.

ఖనిజంగా చూస్తే ఇది క్రిసోబెరిల్. బెరీలియం, అల్యూమినియం, ఆక్సిజన్ కలిసి కట్టుకున్న స్ఫటికం. నవరత్నాల్లో కేతువుకు చెప్పే వైడూర్యం కూడా ఈ క్రిసోబెరిలే. అందులో సన్నని సూదుల్లాంటి పొరలు ఒకే దిశలో పేరుకుని ఉంటే, గుండ్రంగా సానపట్టినప్పుడు వాటికి అడ్డంగా ఒక వెలుగుగీత నిలుస్తుంది, పిల్లికన్నులాగా. అంటే పంచాంగం చెప్పే సిద్ధాంతిగారి ఉంగరంలో ఉన్న రాయికీ, రంగుమార్చే రాయికీ తల్లి ఒక్కటే. తేడా తెచ్చేది క్రోమియం. అల్యూమినియం కూర్చోవలసిన చోట్లలో కొన్నింటిని క్రోమియం ఆక్రమిస్తే వైడూర్యం చెల్లెలు అలెగ్జాండ్రైట్ అవుతుంది.

ఈ క్రోమియం సంగతి కథకులు కాస్త ఆగి చూడదగినది. కెంపును ఎర్రగా చేసేది క్రోమియమే. మరకతాన్ని పచ్చగా చేసేదీ అదే. చుట్టూ ఉన్న అణువులు ఎంత గట్టిగా బిగిస్తే అంత తేడా: కెంపులో ఒక బిగువు, మరకతంలో ఒక బిగువు. అలెగ్జాండ్రైట్‌లో బిగువు ఆ రెంటికీ నడుమ ఉంటుంది. అందువల్ల ఆ రాయి పసుపు వెలుగును మింగేసి, పచ్చనూ ఎరుపునూ ఇంచుమించు సమానంగా వదులుతుంది. ఇక తీర్పు చెప్పేది బయటి వెలుతురు. పగటి ఎండలో నీలం, పచ్చ పాళ్లు దండిగా ఉంటాయి, మనిషి కన్ను పచ్చను అన్ని రంగులకంటే బాగా పట్టుకుంటుంది. కాబట్టి రాయి పచ్చన. దీపపు వెలుతురులో నీలం, పచ్చ తక్కువ, ఎరుపు ఎక్కువ. కాబట్టి రాయి ఎర్రన. తూకంలో రెండు పళ్లేలూ సమంగా ఉన్నప్పుడు ఒక గింజ వేసినా ముల్లు ఒరిగిపోతుంది కదా, అలాంటిదే ఇది.

దీన్నుంచి ఇంకొకటి తేలుతుంది. ఇప్పుడు ఇళ్లలో వెలిగే తెల్లటి ఎల్‌ఈడీ బల్బుల్లో నీలం పాలు ఎక్కువ. వాటికింద అలెగ్జాండ్రైట్ రాత్రిపూట కూడా పచ్చగానే ఉండిపోతుంది. ఎరుపు చూడాలంటే ఆముదపు దీపమో, ఇప్పనూనె దీపమో, కొవ్వొత్తో, పాతకాలపు తీగబల్బో కావాలి. మాయ సగం రాతిలో ఉంటే సగం దీపంలో ఉందన్నమాట. ఊహాలోకం కట్టేవాడికి ఇంతకంటే మంచి పునాది దొరకదు.

అరుదుదనం కూడా లెక్క ప్రకారమే ఉంది. బెరీలియం భూమి పైపొరలో పది లక్షల పాళ్లకు రెండో మూడో పాళ్లు మాత్రమే. అది గ్రానైట్ కరుగు చల్లారుతున్నప్పుడు చిట్టచివర మిగిలే ద్రవంలో, పెగ్మటైట్ అనే ముతక రాతి నరాల్లో పోగుపడుతుంది. క్రోమియం అందుకు పూర్తిగా వేరే కులం. లోతుల నుంచి వచ్చిన, ఇనుమూ మెగ్నీషియమూ మెండుగా ఉన్న నల్లరాళ్లలో ఉంటుంది. ఈ రెండూ ఒకచోట చేరడమే కష్టం. చేరినా, ఇసుకలో ఉండే సిలికా పుష్కలంగా ఉందంటే బెరీలియం దానితో జతకట్టి మరకతం అయిపోతుంది. అలెగ్జాండ్రైట్ పుట్టాలంటే కలవని రెండు కలవాలి, ఎప్పుడూ ఉండే మూడోది తప్పుకోవాలి. మాయామణి ఎందుకు అరుదు అని అడిగితే "దేవుళ్లు ఒక్కటే చేశారు" అని జవాబు చెప్పే కథ, ఈ మూడు మెలికల ముందు తేలిపోతుంది.

ఇక కొండ. రాయగడ నుంచి కోరాపుట్ వరకూ, కిందికి విశాఖ కైలాసగిరి దాకా విస్తరించిన రాతికి ఖొండలైట్ అని పేరు. కలహండి ప్రాంతాన్ని సర్వే చేసిన భూగర్భ శాస్త్రవేత్త టి.ఎల్. వాకర్ 1902లో ఆ పేరు పెట్టారు, ఆ కొండల్లో ఉండే ఖోండుల పేరుమీద. ప్రపంచంలో ఎక్కడ ఈ జాతి రాయి కనిపించినా భూగర్భ శాస్త్రవేత్తలు ఈ కొండజనం పేరే పలుకుతారు. ఒకప్పుడు బురదగా, ఇసుకగా పేరుకున్న మట్టి భూమిలోపలికి పాతిక ముప్ఫై కిలోమీటర్ల లోతుకు దిగి, 900 డిగ్రీలు దాటిన వేడిలో ఉడికి ఈ రాయి అయింది. సుమారు 100 కోట్ల ఏళ్లనాటి మాట. అప్పట్లో ఈ కొండలకు ఆనుకుని ఉన్న నేల ఇప్పుడు తూర్పు అంటార్కిటికాలో మంచుకింద ఉంది. రాయగడ కొండకు తోబుట్టువు దక్షిణ ధ్రువపు ఖండంలో ఉంది. ఫాంటసీలో ఎవరైనా ఇలా రాస్తే "మరీ ఎక్కువైంది" అంటారేమో, ఇక్కడ మాత్రం అది నిజం.

ఖొండలైట్‌లో గార్నెట్ అనే ఎర్రటి ఖనిజపు గింజలు కోకొల్లలు. కొనార్క్ గుడి గోడల్లో ఉన్నది ఎక్కువగా ఈ రాయే. వాన పడి, ఎండ కాసి, కొండ అరిగినప్పుడు గార్నెట్లు వాగుల్లోకి, వాగులనుంచి నాగావళి, వంశధార నదుల్లోకి జారతాయి. మెత్తటి ఖనిజాలు దారిలో పిండి అయిపోతాయి. గట్టివి, బరువైనవి మిగులుతాయి. చివరకు సముద్రం ఒడ్డున ఎర్రటి చారలుగా తేలతాయి. గంజాం జిల్లా ఛత్రపూర్ దగ్గర ప్రభుత్వరంగ సంస్థ ఐఆర్‌ఈఎల్ తవ్వుతున్న ఇసుకలో ఇల్మెనైట్, జిర్కాన్, మోనజైట్‌లతోపాటు ఈ గార్నెట్ కూడా ఉంది. గోపాలపురం బీచికి వెళ్లిన పిల్లల కాళ్లకు అంటుకునే ఎర్ర ఇసుక ఒకనాడు కొండ కడుపులో ఉన్నదే.

క్రిసోబెరిల్ కాఠిన్యం 8.5. వజ్రం 10, కెంపు 9, దాని తర్వాత స్థానం దీనిదే. ఇసుకలో ఉండే క్వార్ట్జ్ కంటే ఇది బాగా బరువు. అందుకే ఇలాంటి రాళ్లను కొండను పగలగొట్టి వెతికేదానికన్నా, కొండకింది కంకరలో, పాత వాగుల అడుగున మట్టి తీసి, జల్లించి, నీళ్లలో కడిగి వెతకడం తేలిక. వాగు మనిషికంటే ముందే జల్లెడ పట్టి ఉంచుతుంది. రాయలసీమలో తొలకరి పడగానే జొన్నగిరి, వజ్రకరూరు పొలాల్లో జనం వజ్రాలకోసం తలలు వంచుకుని నడవడం ఏటా పత్రికల్లో చూసేదే. వాన పైమట్టిని కడిగేస్తే రాయి బయటపడుతుంది. ఏ మాయామణికైనా ఇలా ఒక రుతువు ఉంటే, ఒక పనిముట్టు ఉంటే, తవ్వేవాడి నడుమునొప్పి ఉంటే, చదివేవాడు దాన్ని చేత్తో పట్టుకున్నట్టు నమ్ముతాడు.

ఇంతవరకూ నేల ఇచ్చినది. దీనిమీద ఒక ఊహాలోకం కట్టి చూడవచ్చు. తూర్పు కనుమల్లాంటి కొండలు, కింద వరిమళ్లు, మధ్యలో వారపు సంత. కొండమీద ఒక భాష, మైదానంలో ఒకటి, కోటలో మరొకటి. అక్కడి వాగుల్లో దొరికే అరుదైన రాయి సంజరాయి. పగలు పచ్చన, దీపానికి ఎర్రన. దాని గుణం ఒక్కటే: దానిముందు ఇచ్చిన మాట మనిషిని కట్టేస్తుంది. మాట తప్పినవాడికి పిడుగు పడదు, రక్తం కక్కుకోడు. ఆ మాటలో వాడిన పదాలు అతని నోట్లోంచి పోతాయి. పొలం రాసిస్తానని ఇవ్వనివాడికి ఆ పొలం పేరు మళ్లీ నాలుకకు రాదు. పిల్లనిస్తానని తప్పినవాడు ఇంట్లో కూతుర్ని పేరుపెట్టి పిలవలేడు. చిన్న శిక్షలాగే కనిపిస్తుంది, బతికి చూస్తే తెలుస్తుంది.

ఇక్కడ సరిహద్దు అక్కరకొస్తుంది. సంజరాయి కట్టేది ఏ భాషలో మాట ఇచ్చారో ఆ భాషలోని పదాలనే. ఒక్క భాష వచ్చినవాడు మాట తప్పితే మూగవాడితో సమానం. మూడు భాషలు వచ్చినవాడు ఒకదాంట్లో పోగొట్టుకున్న మాటను ఇంకోదాంట్లో పలుకుతాడు. అందువల్ల ఆ లోకంలో షావుకారు అప్పిచ్చేటప్పుడు కొండవాడిచేత వాడి తల్లిభాషలో ఒట్టు వేయిస్తాడు. తాను మాత్రం పోయినా ఫరవాలేదనుకున్న అరకొర భాషలో మాటిస్తాడు. రాయగడ సంతలో తెలుగు, ఒడియా, ఖోండుల కువి భాష ఒకే బేరంలో కలిసి వినబడటం తెలిసినవాళ్లకు ఈ దగా ఎలా జరుగుతుందో విడమరచి చెప్పనక్కరలేదు.

వెలుతురు నియమాన్ని కూడా ఇక్కడే కలపాలి. పగటిపూట, రాయి పచ్చగా ఉన్నప్పుడు ఇచ్చిన మాట ఇద్దరినీ కడుతుంది. దీపం ముందు ఎర్రబడ్డప్పుడు రాయిని ముట్టుకున్నవాణ్ణి మాత్రమే కడుతుంది. కాబట్టి ఊరి పెద్దలు పంచాయితీ పొద్దుటిపూట చెట్టుకింద పెడతారు, షావుకారు రాత్రి తన అరుగుమీద దీపం పెట్టి పిలుస్తాడు. సంజవేళ, రంగు అటూ ఇటూ కాని ఆ కాసేపు, రాయి ఎవరినీ కట్టదు. ప్రేమికులు, అబద్ధాలకోర్లు, పారిపోయేవాళ్లు ఆ గడియకోసం చూస్తారు. ఒక్క గుణం, రెండు వెలుతురులు, మూడు భాషలు. ఇంతకుమించి శక్తులు తగిలిస్తే రాయి పాడవుతుంది. కొత్త శక్తి ఒకటి చేర్చాలని చెయ్యి లాగినప్పుడల్లా ఉన్న నియమంలోంచే ఒక కొత్త పర్యవసానం తియ్యడం మంచిది.

ఇదంతా గాలిలోంచి వచ్చిన ఊహ కాదు. కోరాపుట్ కొండల్లో ఒకప్పుడు గోతి అనే వెట్టి పద్ధతి ఉండేది. చిన్న అప్పుకు వడ్డీ కింద మనిషి తన చాకిరీని తాకట్టు పెట్టేవాడు. వడ్డీ తీరేది కాదు, తండ్రి తర్వాత కొడుకు అదే కాడి మోసేవాడు. రాసుకున్న భాష ఒకటి, వేలిముద్ర వేసినవాడి భాష ఒకటి. మాటకు కట్టుబడే మనిషిని మాటతోనే పట్టుకున్న చరిత్ర అది. ఊహాలోకపు మణి ఈ చరిత్రను తాకినప్పుడు బరువెక్కుతుంది. తాకకుండా పక్కనుంచి పోయిందా, ఆ కొండలు బొమ్మ తెరమీద గీసిన కొండల్లా మిగిలిపోతాయి.

తవ్వేవాళ్ల సంగతి కూడా కథలోంచి తప్పించకూడదు. విశాఖ మన్యం అంచుల్లో రంగురాళ్లకోసం దొంగచాటుగా తవ్విన గోతుల్లో మట్టిపెళ్లలు విరిగిపడి కూలీలు చనిపోయిన వార్తలు పత్రికల్లో వస్తూనే ఉన్నాయి. రాత్రిపూట తవ్వుతారు, ఊతాలు పెట్టరు, వానాకాలం ఆగరు. రాయి దొరికినవాడికి దాని విలువ తెలియదు. దళారికి కొంత తెలుసు. రాళ్లు సానపట్టే రాజస్థాన్‌లోని జైపూర్ దాకా చేరాక గానీ పూర్తి విలువ బయటపడదు. సంజరాయికీ ఇదే దారి గీయవచ్చు: వాగులో కడిగిన కుర్రవాడి చేతిలో అది రెండు కుంచాల బియ్యం, సంతలో ఒక జత ఎడ్లు, కోటలో ఒక గ్రామం. ఒకే రాయి ముగ్గురి చేతుల్లో మూడు రకాలుగా ఉండటం కూడా రంగుమారడమే.

కొండకూ దేవుడికీ ఉన్న సంబంధం దగ్గర జాగ్రత్త కావాలి. రాయగడ, కలహండి జిల్లాల నడుమ ఉన్న నియమగిరి, డోంగ్రియా ఖోండులకు తమ దేవుడు నియమరాజు ఉండే చోటు. కొండ శిఖరం మీద చెట్లు కొట్టకూడదన్నది వాళ్ల కట్టుబాటు. ఆ శిఖరం మీదే బాక్సైట్ ఉంది. అది కూడా ఖొండలైట్ బిడ్డే. వానలు లక్షలాది ఏళ్లు సిలికాను కడిగేయగా అల్యూమినియం మిగిలిన మట్టి. దాన్ని తవ్వాలన్న వివాదం సుప్రీంకోర్టుకు చేరింది. 2013 ఏప్రిల్ 18న కోర్టు, తమ దేవుడి హక్కుల సంగతి గ్రామసభలే తేల్చాలని చెప్పింది. ఆ ఏడాది వానాకాలంలో రాయగడ జిల్లాలో 7, కలహండి జిల్లాలో 5, మొత్తం 12 పల్లెల్లో జిల్లా జడ్జి సమక్షంలో సభలు జరిగాయి. పన్నెండు పల్లెలూ వద్దన్నాయి.

ఈ సంఘటన తెలిసిన రచయితకు ఒక పాత అలవాటు మీద విసుగు పుట్టాలి. మాయామణి కథల్లో కొండజనం ఉండేది మణికి కాపలా కాయడానికి, చివరికి మైదానం నుంచి వచ్చిన వీరుడి చేతిలో దాన్ని పెట్టడానికి. నియమగిరిలో అలా జరగలేదు. అక్కడివాళ్లు పగటిపూట, తమ భాషలో, అందరిముందు మాట్లాడి తమ కొండను తామే నిలబెట్టుకున్నారు. సంజరాయి కథలో కొండ ఊరు ఉంటే, దానికీ ఇలా తన నోటితో కాదనే హక్కు ఉండాలి. నియమరాజు పేరు కాస్త మార్చి, రెండు కొమ్ములు తగిలించి, మణిలోపల బంధించిన భూతంగా వాడుకోవడం మాత్రం తప్పు. అది ఇప్పటికీ మనుషులు దండం పెట్టుకుంటున్న దేవుడు.

పేర్ల విషయంలో ఈ ప్రాంతానికి ఒక పెద్ద దిక్కు ఉంది. పర్లాకిమిడిలో బడిపంతులుగా పనిచేసిన గిడుగు వేంకట రామమూర్తి (1863–1940) వాడుక తెలుగుకోసం పోరాడినవారిగానే ఎక్కువమందికి తెలుసు. ఆయన అంతకు ముందే సవరల దగ్గర కూర్చుని వాళ్ల భాష నేర్చుకున్నారు. సవర భాషకు వ్యాకరణాన్ని 1931లో, నిఘంటువును 1938లో వెలువరించారు. ఒక భాషలో ఒక వస్తువును ఏమంటారో తెలుసుకోవడానికి ఏళ్లకేళ్లు పెట్టిన మనిషి నడిచిన నేలమీద, మాయామణికి సంస్కృత సమాసం ఒకటి అతికించి వదిలేయడం అన్యాయం. సంజరాయి అన్నది మైదానపు పేరు, రంగును చూసి పెట్టినది. కొండవాళ్లు దాన్ని రంగుతో పిలవరు, వాళ్లకు అది మాట నిలిపే రాయి. అందుకు తగిన మాట వాళ్ల భాషలో వేరే ఉంటుంది. కోటలో ఆస్థాన పండితుడు దానికి "ద్విరాగమణి" అని పెద్దపేరు పెట్టి, అది ఉత్తరదేశం నుంచి వచ్చిందని చరిత్ర అల్లుతాడు. ఏ పాత్ర ఏ పేరు వాడుతుందో చూస్తే చాలు, ఆ పాత్ర ఎవరి పక్షమో తెలిసిపోతుంది.

1936 ఏప్రిల్ 1న ఒడిశా రాష్ట్రం ఏర్పడినప్పుడు జయపురం సంస్థానం, పర్లాకిమిడిలో ఒక భాగం మద్రాసు నుంచి విడిపోయి అటు చేరాయి. గీత మారింది, సంతలు మారలేదు. ఇప్పటికీ మజ్జిగౌరమ్మ దర్శనానికి శ్రీకాకుళం, విజయనగరం వైపునుంచి రైలెక్కి రాయగడ వచ్చే తెలుగువాళ్లకు లెక్క లేదు. ఊహాలోకంలోనూ సరిహద్దు గీసేటప్పుడు కోటలో గీసిన గీత ఒకటి, సంతకు వచ్చే దారి ఒకటి అని రెండు పటాలు పెట్టుకోవడం మేలు. సంజరాయి రెండో పటం వెంటే తిరుగుతుంది.

నకిలీల గురించి ఒక ముక్క. నిజమైన అలెగ్జాండ్రైట్ పేరుతో బజారులో అమ్మేవాటిలో వెనేడియం కలిపి కొలిమిలో చేసిన కొరండం (కెంపు జాతి ఖనిజం) రాళ్లు చాలా. అవీ రంగు మారతాయి, కాని నీలం నుంచి ఊదాకు. ప్రయోగశాలలో పెంచిన అసలు జాతి స్ఫటికాలూ ఉన్నాయి. వాటితో చేసిన 755 నానోమీటర్ల లేజర్లు చర్మవైద్యుల దగ్గర పనిచేస్తున్నాయి. సంజరాయి లోకంలో నకిలీకి కొలిమి అక్కరలేదు, వాగునిండా ఎర్ర గార్నెట్లు ఉన్నాయి. దీపం వెలుగులో రెండూ ఎర్రగానే కనిపిస్తాయి. పగలు చూస్తే తప్ప తేడా తెలియదు. అందుకే ఆ లోకంలో రాత్రి బేరం చేసేవాణ్ణి ఎవరూ నమ్మరు, అవసరం ఉన్నవాడు తప్ప. షావుకారు దగ్గర ఉన్న రాళ్లలో సగం ఉత్త గార్నెట్లే అయినా, ఒట్టు వేసినవాడికి ఆ సంగతి తెలియదు. తెలియనంతకాలం ఆ గార్నెట్ కూడా కడుతుంది. శ్యమంతకం చేసిన పనీ ఇదే కదా, రాయి ఎక్కడో గుహలో ఉంటే దాని పేరు ఊళ్లో తిరిగింది.

ఏ మాయానియమాన్నైనా పరీక్షించడానికి ఒక మంచి దారి ఉంది. ఆ లోకంలోకి ఒక కొత్త మామూలు వస్తువును తెచ్చి, నియమం తట్టుకుంటుందో లేదో చూడటం. సంజరాయి లోకంలోకి ఒక దీపాలవాడు వచ్చాడనుకుందాం. మాంత్రికుడు కాడు, యోధుడు కాడు. ఏదో లోహం మండించి పట్టపగటిలాంటి తెల్లటి వెలుతురు తెప్పించడం నేర్చుకున్నాడు. బుధవారం సంతలో పది దీపాలు పెట్టుకుని కూర్చుంటే సాయంత్రానికల్లా అమ్ముడుపోయాయి. అందులో ఒకటి షావుకారే కొన్నాడు, లెక్కలు రాసుకోవడానికి కళ్లకు హాయిగా ఉంటుందని. ఆ రాత్రి అప్పుకోసం కొండ దిగి వచ్చిన మనిషిని అరుగుమీద కూర్చోబెట్టి, కొత్త దీపం వెలిగించి, గుడ్డ విప్పి రాయిని ముందు పెట్టాడు. రాయి ఎర్రబడలేదు, పచ్చగానే ఉంది. ఇప్పుడు మాట ఇస్తే ఇద్దరూ కట్టుబడతారు. ఆ రంగును ముందుగా గమనించేది షావుకారా, చెయ్యి చాచబోతున్న కొండమనిషా అన్నదాన్నిబట్టి తర్వాతి కథ నడుస్తుంది.